డ్రమ్ము మీద గీత

గుంటూరు జిల్లా కోర్టు ఎదురు సందులో నా జిరాక్సు కొట్టు.
పేజీకి రూపాయి.
ఎండాకాలం మిర్చి యార్డు వైపు నుంచి గాలి తిరిగిందంటే
వకీళ్ళూ ముద్దాయిలూ తేడా లేకుండా తుమ్ముతారు.

జాన్‌బీ ఆ రోజు కాగితాల కట్టను
ఉప్మారవ్వ సంచిలో పెట్టుకొచ్చింది, చెమటకు తడవకుండా.
"రెండు సెట్లన్నా, వకీలు అడిగాడు."

మొగుడు సిలార్, రాజమండ్రి జైల్లో.
చేసినదానికి కాదు,
చేస్తాడేమో అన్నదానికి.
ఆ "ఏమో"కి పన్నెండు నెలలు.

నూట పన్నెండు పేజీలు.
మొదటి పదకొండూ తెలుగు, తక్కినవన్నీ ఇంగ్లీషు.
ఐదో తరగతిలో బడి మానేసినవాడు
తెలుగులోనే "పబ్లిక్ ఆర్డర్" దగ్గర ఆగిపోయి
ములాఖత్‌లో పెళ్ళాన్ని అడిగాడంట,
ఆర్డరంటే హోటల్లో ఇచ్చేదేనా అని.

పదహారేళ్ళుగా కాపీలు తీసి తీసి
నాకూ కాస్త చట్టం అంటుకుంది, వేళ్ళకి టోనరు అంటినట్టు.
ఎందుకు పట్టుకున్నారో ఐదు రోజుల్లో చెప్పాలి.
వాడికొచ్చిన భాషలో చెప్పాలి.
ఏ కాగితం చూసి పట్టుకున్నారో
ఆ కాగితం వాడి చేతికివ్వాలి, కంటికి ఆనేలా.
ముగ్గురు పెద్దల బోర్డు ముందు నిలబడి
వకీలు తోడు లేకుండా
తన మాట తను చెప్పుకోవచ్చు.
ఉంది, అదంతా రాసే ఉంది,
డబ్బా మీద "ఉప్పు" అని రాసి ఉన్నట్టు.
లోపల ఉందో లేదో మూత తీస్తేగానీ తెలీదు.

బోర్డు ముందు సిలార్ ఏం చెప్పాడో తెలుసా?
"అయ్యా, ఆటో కిస్తీ ఆగిపోతంది."
రాసుకున్నారో, లేదో.

తిప్పుకుంటూ పోతున్నాను.
ముప్పై ఏడో పేజీ నల్లగా,
అమావాస్యను తెచ్చి గాజు మీద బోర్లించినట్టు.
ఎవరో సాక్షి, ఏ రాత్రో, ఏదో చూశాడు.
"అను నేను" తప్ప ఏమీ కనపడదు.
నలభై ఒకటి దాకా అంతే.

మిషన్లో నలుపు తగ్గించి చూశాను.
చీకటి బూడిదయింది గానీ అక్షరం కాలేదు.
అప్పుడు ఆనింది కంటికి
ప్రతి పేజీకీ కుడి పక్కన, పైనుంచి కింది దాకా
వెంట్రుకంత గీత.

ఆ గీత నాది.
పోయినేడు గుండుపిన్ను దూరి నా డ్రమ్ము గీసుకుపోయింది.
మార్చాలంటే నాలుగు వేలు.

రాత్రి తొమ్మిదిన్నర, షట్టరు సగం దించాను.
కానిస్టేబులు వొంగి లోపలికొచ్చాడు, చంకలో ఫైలు.
"తెల్లారేసరికి ఇవ్వాల, ఎట్టోకట్ట లాగెయ్."
టోనరు చిమ్ముతోంది, కొన్ని నల్లగా వస్తున్నాయన్నాను.
"చదివేదెవడు లేవయ్యా."
నూట పన్నెండు కావాలి. నూటికే సరిపెట్టుకున్నాను.

జాన్‌బీ స్టూలు మీద కూర్చుని మంచినీళ్ళు తాగుతోంది.
ఏం చెప్పను?
ముప్పై ఏడో పేజీ చుట్టూ పెన్సిలుతో సున్నా చుట్టాను.
"ఇది వకీలుకి చూపించమ్మా.
చదవలేకపోయానని సిలార్‌ని చెప్పమను.
ఇదొక్కటి గట్టిగా చెప్పమను."
డబ్బులొద్దన్నాను. అనుమానంగా చూసింది.
ఈ సందులో ఎవరూ ఊరికే ఏమీ ఇవ్వరు.

తొమ్మిదో నెలలో హైకోర్టు కొట్టేసింది.
చదవడానికి వీల్లేనిది చేతిలో పెట్టి
జవాబు చెప్పుకోమంటే ఎలా, అందంట.
మిగిలిన మూడు నెలలూ సిలార్‌వి.
పోయిన తొమ్మిదీ ఎవరివో తీర్పులో లేదు.
ఆటో మాత్రం ఫైనాన్సువాళ్ళది.

మొన్న వచ్చాడు, ఆధార్ కాపీ కావాలని.
చేతికివ్వగానే కాగితం వెలుతురుకెత్తి చూశాడు.
ఇప్పుడు ఏదిచ్చినా అలాగే చూస్తాడంట.

"ఈ గీతేంటన్నా?"

"మిషను పాతదయ్యా," అన్నాను.

కొత్త డ్రమ్ము డబ్బా బల్ల కిందే ఉంది.
ఇంకా విప్పలేదు.