మనసెట్టడం

కాశీబుగ్గ బడిలో మూడు నెలల పరీక్షలయ్యాక
తామాడ ఢిల్లేశు మార్కుల కాగితం మీద
ఎర్ర సిరాతో రాశాను: శ్రద్ధ లేదు.
ఆ పూట అలాంటివి నలభై రాశాను.
పదోదాని నుంచి
చెయ్యే రాసుకుపోయింది.

మర్నాడు బడి వదిలే వేళ
జీడిపప్పు బట్టీ నుంచి వస్తూ వస్తూ
వాళ్ళమ్మ దాలమ్మ గుమ్మంలో ఆగింది.
"శ్రద్ధంటే ఏటి బాబూ?
గుంటడు సదివి ఇనిపించేడు గానీ
అదేటో ఆడికీ తెల్దట."

తెలుగు మేస్టర్ని కదా,
గొంతు సవరించుకున్నాను.
రెండు ముక్కలమ్మా ఆ మాట.
శ్రత్ అంటే సత్యమన్నారు పాతవాళ్ళు,
కాదు, గుండె అన్నారు తర్వాతివాళ్ళు.
ధా అంటే పెట్టడం.
ఏ కాలంలోనో ఎవడో
గుండె తీసి ఒకచోట పెట్టి
అది అక్కడుండగానే పని ముగించి ఉంటాడు,
ఆ చేసిన తీరుకి...

"మనసెట్టడవా?" అంది.
"అలాగే రాయొచ్చు కదేటి మరి."

సుద్దముక్క చేతిలోనే ఉండిపోయింది.

"మాకూ అదే బాబూ.
కాలితో మీట తొక్కినప్పుడు
పిక్క మీదుండాల మనసు.
రేపటి బియ్యం మీదికి పోయిందా,
పప్పు బద్దయిపోద్ది.
గుండుకో రేటు, బద్దకో రేటు.
రాత్రి ఇంటికి తెచ్చిన పప్పుకి
పొట్టు తీసేది ఈడే.
పది దాటిపోద్ది.
గోటితో తీస్తాడు, ఒక్కటీ ఇరగదు.
అక్కడెట్టీసి వస్తన్నాడు,
బడికొచ్చేసరికి మిగల్దు."

ఫిర్యాదు కాదది.
బస్తా తూకం చెప్పినట్టు చెప్పింది.

నాకు ధాతువులు తెలుసు.
వాడి గోళ్ళు ఎన్నడూ చూళ్ళేదు.
కూర్చునేది మూడో బెంచీ, కిటికీ పక్కన.
కాదు, నాలుగోదేమో.

సంతకానికి కాగితం చాపితే
వేలిముద్రేస్తానంది.
సిరా పెట్టె కోసం సొరుగు వెతుకుతుంటే
"అక్కర్నేదులెండి" అని
బొటనవేలు అద్దేసింది.
జీడి నూనె నల్లగా దిగింది,
నా అక్షరాల మీద కాదు, పక్కన.

జీడి మరక ఏ చాకిరేవులోనూ పోదంటారు.
నా ఎర్ర సిరా మాత్రం
తడి గుడ్డకే లేచిపోయింది.
ఆ ఖాళీలో ఏం రాయాలో
ఇంకా తోచలేదు.
రేపు ముందు
వాడెక్కడ కూర్చుంటాడో చూడాలి.