పదకొండింటికి ఆరేసే దుప్పటి

పదకొండవుతూనే
మా లోగిలి గుమ్మంలో బూట్ల చప్పుడు.
ముందు బద్రి గొడుగు వస్తుంది,
ఎండయినా వానయినా అదే పసుప్పచ్చ గొడుగు,
దాని కింద బద్రి,
వాడి వెనక ఓ గుంపు, మెడలెత్తి,
ఎక్కడ చూడాలో ఇంకా తెలియని మొహాలతో.

టిబిలీసీలో పాత పేటంటే సొలొలాకి,
సొలొలాకిలో పాతదంటే ఈ లోగిలి, అంటాడు.
నాకు నవ్వొస్తుంది.
ఈ మేడమెట్ల కన్నా నా మోకాళ్లు పాతవి.

నేను త్సియాలాని.
ముప్పై యేళ్లు ట్రామ్‌లో టిక్కెట్లు చింపాను.
ట్రామ్ పోయింది, పట్టాలు పీకేశారు,
జనం గుంపుగా కనబడితే
నాలుక మాత్రం ఇప్పటికీ లెక్కపెడుతుంది.
నిన్న పదకొండు. ఇవాళ పదహారు.
ప్రతి గుంపులోనూ ఒకడుంటాడు,
టిక్కెట్టు కొననివాడిలా వెనక్కి నక్కుతూ.

"ఆ చెక్క బాల్కనీ చూడండి" అంటాడు బద్రి,
"పట్టు వర్తకుడి కూతురు అక్కడే నిలబడి
ఏడేళ్లు ఎదురుచూసింది."
కిందటేడు మూడేళ్లే.
అది మా ఆయన కట్టిన బాల్కనీ నాయనా,
కుర్చీల ఫ్యాక్టరీ నుంచి
రాత్రికి రెండు పలకల చొప్పున
కోటు కింద దాచి తెచ్చి.
పలకలతో వంగలేక
నిటారుగా నడిచొచ్చేవాడు, దొరలాగా.
వీధిలో వాళ్లు టోపీ తీసేవారు.

అయినా నేను నోరు మెదపను.
ఆ వర్తకుడి కూతురు వచ్చాకే
నా త్కెమాలి పచ్చడి సీసాలు అమ్ముడుపోతున్నాయి.
ఒకమ్మాయి అయితే
బాల్కనీ అంచు పట్టుకుని కళ్లు తుడుచుకుంది.
చెక్క ఎక్కడిదైతేనేం,
ఆ ఏడుపు దొంగసొత్తు కాదుగా.

గోడ పగులుకి ఓ కథ,
గుమ్మంలో నేలమీద అరిగిన అక్షరాలకి ఓ కథ,
కుళాయికి, ద్రాక్షతీగకి,
నా పిల్లికి కూడా, దాని తాతముత్తాతల నుంచి.
గోరంత దొరికితే కొండంత.
చిన్నప్పుడూ అంతే, కిటికీ అద్దం పగలగొట్టి
గద్ద వచ్చిందనేవాడు,
రెక్కల కొలతతో సహా.

మొన్న మంగళవారం
ఎర్రటోపీ పెద్దావిడ మెట్ల కింద ఆగి
"ఆ తలుపు?" అంది.
నీలం రంగు, పెచ్చులూడి,
కింద పాత ఆకుపచ్చ, దాని కింద ఇంకేదో.
తాళం మాత్రం కొత్తది.

బద్రి గొడుగు ఒక చేతినుంచి ఇంకో చేతికి మార్చాడు.
"అక్కడేమీ లేదండీ.
రండి, గంధకం స్నానాల వైపు దిగుదాం,
వాసనే దారి చూపిస్తుంది."

అందరూ నవ్వుతూ కదిలారు.
పన్నెండు, పదమూడు, పధ్నాలుగు.
పదిహేనోవాడు వాడు.
ఎప్పుడూ ముందు నడిచేవాడు
ఆవేళ అందరికన్నా వెనక.
తలుపు దాటుతూ, దానివైపు చూడకుండానే,
బూటు కొనతో గడప అంచుని రాసుకుంటూ పోయాడు,
బురద దులుపుకునేవాళ్లలా.
వారం రోజులుగా వాన లేదు.

ఆ గడప మీదే వాళ్లమ్మమ్మ ఎతేరి
వాడి బూట్ల బురద గీకేది, చాకుతో, తిడుతూ.
బ్యాంకువాళ్లు వచ్చిన రోజున
కుట్టుమిషను చెరోవైపూ పట్టి దించాం.
మూడోమెట్టు దగ్గర ఆగి
"త్సియాలా, బరువుగా ఉందా?" అంది.
నన్ను.

ఇది చెబితే
ఏడేళ్ల ఎదురుచూపు కన్నా బాగా నడిచేదేమో.
వాడికి తెలియకనా.

బుధవారం పదిన్నరకే బట్టలు ఉతికేశాను.
మా ఆరేసే తీగ ఎప్పుడూ
కుళాయి నుంచి మల్బరీ చెట్టు దాకా.
దాన్ని విప్పి మెట్ల కమ్మీకి కట్టాను,
మోకాళ్లు నన్ను తిట్టిపోస్తుంటే.
జోడుమంచం దుప్పటి ఉంది,
ఆయన పోయాక మడత విప్పనిది,
దాన్ని తలుపుకి అడ్డంగా ఆరేశాను.

పదకొండింటికి గొడుగు వచ్చింది.
బద్రి తీగని చూశాడు, దుప్పటిని చూశాడు,
పైకి నావైపు చూడలేదు.
గొంతు సవరించుకుని
"పాత టిబిలీసీలో బట్టలారేయడం
ఒక కళండీ" అని మొదలుపెట్టాడు.
"ఈ దుప్పటికి నూటఇరవై యేళ్లు."

ఫోటోలు తీసుకున్నారు.
నేను సీసాలు తుడుస్తూ లెక్కపెట్టాను.
తొమ్మిది, పది.
దుప్పటి ఇంకా నీళ్లోడుతోంది
ఆ గడప మీదికి.