పేర్లు పడేటప్పుడు

గురువారం రాత్రి, షార్జా.
మద్రాసుల ఇంకా విడుదల గాని బొమ్మ
ఇక్కడ మాల్ మూడో అంతస్తుల ఆడుతది.
టార్చి పట్టుకొని సీట్లు చూపిస్త,
అయిపోయినంక చీపురు పడత.

తెల్లారి సజా క్యాంపుకు పోయేసరికి
ఆ బొమ్మ నాకన్నా ముందే చేరింది.
పై మంచం కడ్డీకి రబ్బరు బ్యాండుతో కట్టిన ఫోన్ల,
కొంచెం పక్కకు ఒరిగి,
బాయిలకెల్లి మాట్లాడినట్టు మాటలు.
ఎవరో దగ్గిండు.
ఎవరిదో తల హీరో ఛాతీ మీదికెల్లి దాటింది.
దాని ఎనుక, మెట్టు మీద, తెల్లటి ఎలుగు
రెండుసార్లు.
ఆపుర్రి, అన్న.
ఆ టార్చి నాది.

ఎనిమిది మంచాలు నవ్వినయి.
సేవుగన్ నవ్వలే.
శివగంగ మనిషి, కోడంబాక్కంల పదకొండేండ్లు లైట్లు మోసిండు.
ఈ బొమ్మకు మోసింది అతని తమ్ముడు మలైచ్చామి.
ఆఖరి షెడ్యూలు బత్తా ఇంకా రాలే.
బొమ్మ ఆడితే ఇస్తనన్నడట నిర్మాత,
లారీ అమ్మి సినిమా తీసినోడు.
ఆడనే ఆడింది, మా మంచం కడ్డీకి.

మరి నువ్వెందుకు చూస్తున్నవన్న.
"టికెట్టు నలభై దిర్హమ్‌లు. నా రోజుకూలి ఇరవై ఎనిమిది."
మళ్ల మాట్లాడలే. చివరిదాంక చూసిండు.
చివరంటే ఆ కాపీల చివర:
పిల్ల పడవ దిగంగనే చీకటి.
తీసినోడు ఫోన్ జేబుల వేసుకొని
నా ముంగట్నించే పోయుంటడు,
నేను తలుపు పట్టుకొనే ఉంటి.
పేర్లు పడలే.

పేర్లు పడేది నా ఒక్కనికే.
జనం పోయినంక, పాప్‌కార్న్ ఊడుస్తుంటే
అరవ అక్షరాలు చీమల బారు లెక్క పైకెక్కుతయి.
నాకు చదవరాదు.

శనివారం నా అరచేతిల బాల్‌పెన్నుతో
తమ్ముని పేరు రాసిచ్చిండు సేవుగన్.
"నడుమ అక్షరం నెత్తిన చుక్క ఉంటది, చూడు."

ఆ రాత్రి హాల్ల పదకొండు మంది.
వాళ్లు లేచినంక చీపురు ఆపిన.
కుట్టెటోళ్లు, వండెటోళ్లు, డ్రైవర్లు కావొచ్చు, పోతున్నరు.
చుక్క కనిపించింది.
చెయ్యి జేబుల ఫోన్ మీదికి పోయింది, సగం తీసిన.
తలుపు మీద ఎర్రగీత కొట్టిన ఫోన్ బొమ్మ,
రోజూ నేను తుడిచేదే.
లోపల పెట్టిన.

క్యాంపుల చేతిల సిరా చెమటకు అలికిపోయింది.
ఉన్నది, అన్న. ఆ వరుసల నాలుగోది.
"చుక్క?"
ఉన్నది.
గోడ దిక్కు తిరిగి పండుకున్నడు.
లైటార్పినంక అడిగిండు,
"ఎంతసేపుండె?"
చీపురు రెండుసార్లు తోసేటంత, అన్న.