గోడవార బండి

ఎనుమాముల మార్కెట్ల తొమ్మిదో నంబరు గోదాం.
రాత్రి రెండు దాటినంక
పత్తి బోరాల వాసన కింద ఇంకో వాసన లేస్తది,
తడిగుడ్డకు కస్తూరి పూసినట్టు.
అప్పుడు టార్చి ఆర్పుత.
వెలుతురు పడితే లైన్ మీదికి రాదు ఆ బండి.

ముప్పయ్యొక్కేండ్లు కాజీపేట సెక్షన్ల కీమన్‌ను.
సుత్తి భుజానేసుకొని హసన్‌పర్తి దిక్కు నడిచేది,
ఊడిన కీలు కొట్టుకుంట,
పట్టాకు చెవి పెట్టి దూరాన్ని వినుకుంట.
రిటైరైనంక ఈ కావలి.
ఇక్కడ పట్టాల్లేవు. గోడ ఉన్నది.

గోడనే పట్టా చుంచుకు.
కండ్లు ఉన్నయంటే ఉన్నయి, ఆవగింజలంత.
మూతి ముందు పోతది, ఒళ్లు ఎనుక వస్తది.
తల్లి తోక మొదట్ల పిల్ల పండ్లు నాటి పట్టుకుంటది,
దాని ఎనుక ఇంకోటి, దాని ఎనుక ఇంకోటి.
ఒక ఇంజను, నాలుగు డబ్బాలు,
గార్డు లేడు.
ఎవ్వరు చూడకుంట నేనే చెయ్యి లేపి
పచ్చజెండా ఊపిన.

సేటు బోన్లు తెచ్చిండు, మందు బిళ్లలు తెచ్చిండు.
"ఎలుకలు ఓదేలూ, బోరాలు కొరుకుతున్నయి."
ఎలుక గాదు సేటూ.
పొద్దుగాల చీపురు పట్టేది నేను,
బొద్దింక రెక్కలు, జెర్రి తల, మిడత కాలు
అది తిని లేచిన విస్తరి నాకెరుక.
సేటు ముక్కు మూసుకున్నడు.
"కంపు కంపే గద. రెండూ ఒకటే."
ఆ కంపు దాని లాఠీ.
పిల్లి నోట్లేసుకొని ఉమ్మేస్తది.
సేటు మీద ఆ లాఠీ పనిచెయ్యదు.

యూనివర్సిటీల జువాలజీ చదివే తబస్సుమ్
రేకు డబ్బాలు, నోట్‌బుక్కు పట్టుకొని మూడు రాత్రులు వచ్చింది.
"దీని గుండె నిమిషానికి కొన్ని వందలసార్లు కొట్టుకుంటది తాతా,
పూట తప్పితే పడిపోతది."
మా అడ్డా మీది హమాలీల లెక్కనే అన్న.
నవ్వి, ఫోన్ల ఇంకో జీవిని చూపింది.

ఆఫ్రికల ఉంటదట.
చుంచు మూతికి తొండం అతికినట్టు ముక్కు,
కుందేలు లెక్క ఎనుక కాళ్లు.
ఇన్నేండ్లు చుంచుకు చుట్టమనుకున్నరట,
తీరా నెత్తురు చూస్తే ఏనుగు వంశమని తేలిందట.
చుట్టరికం నాకెందుకు బిడ్డా, ఏం పని చేస్తదో చెప్పు అన్న.

"చీమలు, చెదలు తింటది.
గడ్డిల బాటలు ఏసుకుంటది.
బాట మీద ఆకు పడితే ముంగాళ్లతో పక్కకు తోస్తది, రోజూ.
గద్ద తరిమితే ఉరకాలె గద,
పుల్ల అడ్డమున్నా పాణం పోతది."

నాకు చానసేపు మాట రాలే.
గ్యాంగ్‌మన్!
దేశం గాని దేశంల,
జీతం లేదు, పింఛన్ లేదు,
బీట్ మాత్రం తప్పలేదు.

పోయేటప్పుడు ఇంకో మాటన్నది.
"ఆలుమగలు ఒక్క ఇలాకలోనే బతుకుతరు తాతా,
కాని కలిసి కనబడేది తక్కువ.
ఆమె తిరుగుడు ఆమెది, ఆయనది ఆయనది."

లస్మి పగలు మిర్చి యార్డుల తొడిమెలు తీస్తది.
నేను దిగే యాళ్లకు ఆమె ఎక్కుతది.
గేటు కాడ సద్దిగిన్నె చేతులు మారుతది.
ఆమె వేళ్లు నిప్పులు,
నా ముఖం తుడవబోయి ఆగిపోతది.

నిన్న రాత్రి మూడే డబ్బాలు పోయినయి.
ఏడ ఊడిందో!
మోరీ కాడ సన్నగ చిల్లర గలగలమన్నట్టు చప్పుడు.
పక్కనే మందు బిళ్ల, ఇంక ముట్టలే.
బొటనవేలంత లేదు.
అంగి జేబుల ఏసుకున్న.
దాని గుండె నా గుండె మీద ఆగకుంట కొట్టుకుంటాంటే
ఎక్స్‌ప్రెస్ పోతున్న పట్టాకు చెవి పెట్టినట్టే ఉన్నది.

గోడవార పత్తి పోగులు, సుతిలి ముక్కలు, సీసా మూతలు
మోకాళ్ల మీద కూసొని ఏరిన, ఈ మూల నుంచి ఆ మూలకు.
పిల్లను గోడకు ఆనిచ్చి పెట్టిన. టార్చి ఆర్పిన.
కీచుమన్నది, మల్ల కీచుమన్నది.
చీకట్ల మూతి ఒకటి వచ్చి వాసన చూసింది.

పొద్దున గేటు కాడ లస్మి ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకున్నది.
"ఏందయ్యా నీ అంగికి ఈ కంపు?"
గిన్నె అందుకుంట చెప్పిన,
"ఒక డబ్బా ఊడింది.
కలిపి వస్తున్న."