పన్నెండో సింహం

సుపీరియర్ సరస్సు దక్షిణపు ఒడ్డున
నీళ్లకీ ఆకాశానికీ గీత కనబడని రోజులు
ఏడాదికి సగం ఉంటాయి.
అలాంటి ఒక పొద్దున, పద్దెనిమిది వందల తొంభై రెండులో,
గోధుమల వర్తకుడు థాడ్యూస్ క్రాన్‌షా
ఎర్ర బంకమట్టిలో బూటుకాలు దిగబడగా
"పన్నెండు అంతస్తులు" అన్నాడట.
నేల విడిచి సాము, అన్నారు బ్యాంకువాళ్లు.
విడవడానికి నేలంటూ ఉండాలి కదా, అన్నాడు మేస్త్రీ.

నేను పుట్టక ముందు సంగతులివి.
ముప్పై ఒక్క ఏళ్లు ఆ బిల్డింగులో లిఫ్టు నడిపాను.
లిఫ్టులో నిలబడ్డవాడికి వద్దన్నా కథలు చెవిన పడతాయి,
కానీ చెప్పేవాళ్లు మధ్యలో దిగిపోతారు.
అందుకే నా కథ నిండా చిల్లులు.

తవ్వినకొద్దీ బురద.
చివరికి పాత రైలు పట్టాలు తెచ్చి
నులకమంచం అల్లినట్టు అడ్డంగా నిలువుగా అల్లి
దాని మీద పడుకోబెట్టారు బిల్డింగుని.
ఇంకా అలాగే పడుకుంది, నిటారుగా,
సరస్సు వైపు రెండంగుళాలు ఒత్తిగిల్లి.
తొమ్మిదో అంతస్తు గుమస్తా పెన్సిలు కింద పెడితే
అది తూర్పుకే దొర్లేది.

బరువు మోసేది గోడ కాదు, ఉక్కు;
గోడ ఒట్టి చొక్కా.
ఈ మాట ఊరికి మింగుడు పడలేదు.
రెండేళ్లపాటు జనం
ఆ పేవ్‌మెంటు వదిలి అవతలి పక్క నడిచారు.

ఉక్కుని కుట్టింది రివెట్లు.
కింద కొలిమిలో కాల్చి పైకి విసిరితే
యల్మారి కోస్కెలా
తగరపు డబ్బాలో ఠంగున పట్టి
"పట్టా!" అని అరిచేవాడు, ప్రతిసారీ.
వీధిలో పిల్లలు లెక్కపెట్టేవారు ఆ కేకల్ని.
నవంబరులో, మంచూ వానా కలిసి పడే పూట,
రివెట్టు వచ్చింది.
డబ్బా ఉంది.
కేక లేదు.

మధ్యాహ్నం దాకా కూలి కట్టి ఇచ్చారు.
పదకొండున్నరకే పడ్డాడు కనక
ఆ అరగంటా కంపెనీ దయ.

భార్య హిల్యా
తర్వాత పంతొమ్మిదేళ్లు అక్కడే మెట్లు కడిగింది.
రాత్రిళ్లు, పైనుంచి కిందికి, మోకాళ్ల మీద.
లిఫ్టు మాత్రం ఎక్కేది కాదట.
ఎందుకో ఎవరూ అడగలేదు.
లేక అడిగినవాళ్లు నాకు చెప్పకుండా దిగిపోయారు.

కప్పు అంచున కాల్చిన మట్టితో పన్నెండు సింహం ముఖాలు,
కాంట్రాక్టు కాగితంలో అలాగే ఉంది.
అంత ఎత్తున ఎవరికి కనబడతాయి?
పావురాలకి.

యాభై ఏడులో ఒక పెంకు ఊడి
టోపీల కొట్టు పందిరి మీద పడింది.
మొత్తం అంచు కోసేయమని మునిసిపాలిటీ ఆర్డరు.
గోనెల్లో చుట్టి ఒక్కో సింహాన్నీ నా లిఫ్టులోనే దించారు.
"ఎన్నో అంతస్తు?" అని అడగబోయి నాలుక కరుచుకున్నాను.

పదకొండు సింహాలే.
పన్నెండో దానికి జూలుంది,
ముఖం మనిషిది.
వంకర ముక్కు, ఎడమ కనుబొమ్మ మీద గంటు,
బారెడు తెరిచిన నోరు.

ఏడో అంతస్తు పళ్ల డాక్టరు అప్పటికి ముసలివాడు.
గోనె ఎత్తి చూసి,
"బొమ్మలు చేసిన ఎట్టోరేకీ, ఆ ఫిన్లాండు కుర్రాడికీ
ఒకే అద్దె గది అని మా నాన్న అనేవాడు" అన్నాడు.
ఇంకేదో అనబోయాడు.
ఏడు వచ్చింది. దిగిపోయాడు.

హిల్యా పోయి అప్పటికి పాతికేళ్లు.
ఇతనే అని చెప్పగలిగే మనిషి ఊళ్లో లేదు.
ఆ ముఖం కిందే అన్నేళ్లు మెట్లు కడిగిందని
చెప్పడానికి నాకూ నోరు రాదు,
తెలియదు కనక.

పదకొండింటినీ సరస్సు గట్టు పూడ్చడానికి తోలారు.
పన్నెండోది నేను తోపుడు బండిలో తెచ్చుకున్నాను.
తొమ్మిదేళ్లకి లిఫ్టుకి బొత్తాలొచ్చాయి, నేనూ ఇంటికొచ్చాను.

చిక్కుడు పాదు పక్కన ఉన్నాడిప్పుడు.
ఎండాకాలం నోట్లో పిచ్చుకలు నీళ్లు తాగుతాయి.
మంచు కురిసిన పొద్దున
పార తీసుకుని బయటికొచ్చి
ముందు అతని నోట్లోది తీసేస్తాను.
వాకిలి తర్వాత.