దుమ్ము లేవని దారి

రేకు డబ్బా మూత తీస్తే
పాత కర్పూరం, పాత చెమట కలిసిన వాసన.
రీలు చుట్టకు చుట్ట అంటుకుపోయి
తడిసిన బెల్లంలా ఉంది.
మట్టెవాడలో మూతబడ్డ టాకీసు అటక మీద
ఇన్నేళ్లూ ఎలుకలకు కూడా పనికిరాలేదు.

విడదీయడానికి నెల పట్టింది.
తేలింది రెండు నిమిషాల లోపే.
కాజీపేట స్టేషన్ బయట
సుబేదారు సాబు రైలు దిగి వస్తున్నాడు.
మీసం, షేర్వానీ గుండీలు, వంగిన తలల వరుస.
చేత్తో తిప్పిన కెమెరా కదా,
ఇప్పటి మిషన్‌లో పెడితే
అంత పెద్దమనిషీ
గింజలు చల్లిన చోటికి కోడిలా ఉరుకుతాడు.
వేగం తగ్గించాను, సెకనుకు పదహారు బొమ్మలు.
మర్యాద తిరిగొచ్చింది ఆయనకు.

నేను వెతికేది ఆయన్ని కాదు.

మా నాయనమ్మ ఓదెవ్వ పోయేదాకా ఒకటే మాట:
"ఆ బొమ్మల నేనున్న బిడ్డా.
డేరాల ఆడిచ్చిండ్రట, మమ్ముల రానియ్యలె."
పద్నాలుగేండ్లది అప్పుడు.
మేం నవ్వేవాళ్లం. మా నాయన మరీ నవ్వేవాడు,
"హీరోయిన్‌వా అవ్వా?"
"నీ మొకం! నీళ్లు సల్లిన."

ఒక్కో బొమ్మా ఆపి చూశాను.
బంట్రోతులున్నారు, గొడుగు పట్టినవాడున్నాడు,
గుర్రం తోక ఉంది,
పక్కకు నెట్టిన పిల్లాడి సగం చెవి ఉంది.
ఆడమనిషి లేదు.
కొంగు కొస కూడా లేదు.

మూడో రాత్రి, కళ్లు మండుతుంటే,
సాబు బూట్ల కింద చూశాను.
నడివేసవి. నీడలు కాళ్లకిందే ముడుచుకున్నాయి.
అయినా దారి నల్లగా ఉంది.
రెండు గుర్రాల బగ్గీ కదిలింది.
దుమ్ము లేవలేదు.

స్టేషన్ నుంచి బంగ్లా దాకా
వెట్టికి పట్టుకొచ్చిన ఏడుగురు ఆడోళ్లు,
కోడికూత నుంచి కావడి కుండలు.
రెండు పగిలినయ్, పైసలు కట్టుమన్నరు.
అది చెప్పేటప్పుడు మాత్రం
నాయనమ్మ మా మొహాల వైపు చూసేది కాదు.

అందుకే ఆ మీసం
ఇప్పటికీ వెంట్రుక వెంట్రుకా లెక్కపెట్టొచ్చు.

చివర్లో రీలు మిగిలిందేమో,
అందరూ పోయాక కూడా తిప్పాడు కెమెరా అతను.
ఆరు సెకన్లు. ఖాళీ దారి,
అంచుల్లో అప్పుడే తెల్లబడుతూ.
అదొక్కటే నాయనకు వేసి చూపించాను.
ఎనభై దాటినవాడు, తెర దగ్గరకు వంగి
"ఏదిరా?" అన్నాడు.
వేలు పెట్టాను.

చాలాసేపు ఏమీ అనలేదు.
"ఆరుతున్నది" అన్నాడు తర్వాత.
"మళ్ల మొదటిసంది పెట్టు."