మూడో నంబరు హాలు

ఇక్కడ శుక్రవారమే ఆదివారం.
దేవుడు ఏమనుకున్నాడో తెలీదు,
కఫీలు సెలవిచ్చిన రోజే విశ్రాంతి దినం.

కువైట్ సిటీలో, చర్చి కాంపౌండులో
మూడో నంబరు హాలు తలుపు మీద ఒక కాగితం:
ఆరింటికి అమ్హారిక్, ఎనిమిదిన్నరకి తగాలోగ్,
పదకొండుకి మలయాళం, ఒంటిగంటకి తెలుగు,
మూడింటికి సింహళం.
అడుగున ఎవరో పెన్నుతో: ఏసీ ఆపి వెళ్లండి.

లోపల వాళ్ల చివరి పాట ఎంతకీ అవదు.
బయట గోడ వారన జానెడు నీడ,
అందులో మేం నలభైమందిమి.
మేడమ్ పంపలేదని దీవెనమ్మ ఈ వారమూ రాలేదు.
తలుపు తెరుచుకోగానే కొబ్బరినూనె వాసన బయటికొస్తుంది,
మా సెంటు వాసన లోపలికి పోతుంది.
కుర్యాకోస్ నా చేతిలో తాళంచెవి పెట్టి
నవ్వుతాడు, ప్రతివారం అదే నవ్వు.
కూర్చుంటే
కుర్చీ ఇంకా వెచ్చగా ఉంటుంది.

ఎవరి వేడో.
ఆ మనిషికంటే ముందు ఫిలిప్పీన్స్ రోవేనాది,
రోవేనాకంటే ముందు తిగిస్త్‌ది...
కాదులే, తిగిస్త్ వాళ్లు కూర్చోరు.
చెప్పులు బయట విడిచి, తెల్లబట్ట తలనిండా కప్పుకుని
గంటలకి గంటలు నిలబడే ఉంటారు,
అచ్చం మా అమ్మమ్మలాగా.

అమ్మమ్మకి కాలవలో బాప్తిస్మం ఇచ్చింది
పడవ మీదొచ్చిన దొర.
ఒత్తులు పలకలేక "దేవుడు" ని "తేవుడు" అనేవాడట.
అదే పట్టుకుని బళ్లో నన్ను
"మీది దొరల మతంరా" అనేవాళ్లు.
నా దగ్గర జవాబు ఉండేది కాదు.
జవాబు లేనిది ఇంకోటి కూడా ఉండేది:
కాలవకి ఈ గట్టున మా గుడి, ఆ గట్టున వాళ్ల గుడి,
ఒకే ప్రభువుకి రెండు బల్లలు.
పెద్దోళ్లు దాన్ని గురించి ప్రార్థన కూడా చేసేవాళ్లు కాదు.

పోయిన చలికాలం కంపెనీ నన్ను ఫైలకా దీవికి తోలింది,
తవ్వకాల వాళ్లకి నీళ్లు మొయ్యడానికి.
వాళ్లు పారలతో తవ్వరు.
పసిపిల్ల మొహం తుడిచినట్టు కుంచెతో ఇసక తుడుస్తారు.
మోకాలి లోతున ఒక గోడ, గోడ పక్కన ఇంకో గోడ,
ఒకరోజు సున్నపు పలక మీద
శిలువ.

ఈజిప్టు కుర్రాడు అబానూబ్
తన మణికట్టు మీది పచ్చబొట్టు చూసుకున్నాడు,
పలక చూశాడు, మళ్లీ మణికట్టు.
ఇది గుడి, అవి సన్యాసుల గదులు,
సిరియా మాటలో ప్రార్థించేవాళ్లు, అన్నారు తవ్వేవాళ్లు.
మా కాలవలోకి దొర పడవ రావడానికి
వెయ్యేళ్లు ముందట.
ఎందుకు వదిలేసి పోయారో సరిగ్గా ఎవరికీ తెలీదట.

నేను అడిగింది ఒక్కటే: వాళ్లేం తినేవాళ్లు?
పొయ్యి చూపించారు. బూడిదలో చేపముళ్లు.
ఆ ముద్ద మింగినవాడు
రోము చూసి ఉండడు, లండను పేరు విని ఉండడు.
ఉప్పుగాలికి కళ్లు మండుతుంటే
కీర్తనలో ఒక చరణం మర్చిపోయి
పక్కవాడి వైపు చూసి ఉంటాడు.

ఆ రాత్రి బళ్లోవాళ్లకి చెప్పాల్సిన జవాబు దొరికింది.
ఫోను తీశాను. మళ్లీ జేబులో పెట్టేశాను.
రెండో దానికి ఇంకా దొరకలేదు.

ఇక్కడ రొట్టె విరిస్తే
ఈ గట్టూ ఆ గట్టూ ఒకే గిన్నె ముంచుకుంటాం.
సెలవుకి ఊరెళ్తే మళ్లీ రెండు గిన్నెలు.
సముద్రం దాటితే పోయింది
కాలవ దాటితే తిరిగొస్తుంది.

మూడు కావస్తోంది. మా చివరి పాట కూడా ఎంతకీ అవదు.
సింహళం వాళ్లు తలుపు మీద మెల్లగా తడుతున్నారు.
తాళంచెవి ఇచ్చేశాను.
ఏసీ ఆపలేదు, పాపం ఎండలోంచి వస్తున్నారు.
కుర్చీలంటారా,
వాటినేం చెయ్యగలం.